నాలుగు ఇరవైల మీద పదిహేను

అరవై తొమ్మిది దాకా మా ప్రమోదిని ఫ్రెంచి లెక్క సాఫీగానే సాగింది. డెబ్బై దగ్గర మొరాయించింది. పెరట్లో చేట ముందేసుకుని బియ్యంలో రాళ్లు ఏరుతున్న నేను తలెత్తి చూసేసరికి, ఫోను మంచం మీద బోర్లా పడేసి మొహం మాడ్చుకుని కూర్చుంది.

"ఏటయ్యిందే?" అన్నాను.

"ఈళ్లకి డెబ్బై అన్న మాటే లేదంట అమ్మమ్మా! అరవై పది అంతారంట. డెబ్బై ఒకటికి అరవై పదకొండంట. మనిసన్నోడు ఇలగ లెక్కెడతాడేటి?"

"ఎందుకెట్టడు? మా అత్త అలగే ఎట్టేది," అన్నాను.

పిల్ల నావైపు వింతగా చూసింది. మా అత్త సంగతి చెబుతాను గానీ, ఉద్దానంలో కొబ్బరిచెట్ల మధ్య పుట్టిన పిల్లకి ఫ్రెంచితో ఏం పని పడిందో ముందు చెప్పాలి.

ప్రమోదిని మా సరోజిని కూతురు. వజ్రపుకొత్తూరు పక్క మా ఊరి నుంచి రోజూ ఆటో ఎక్కి పలాస వెళుతుంది. అక్కడ గోవిందరావు జీడిపప్పు ఫ్యాక్టరీలో పని. నేనూ ఒకప్పుడు అక్కడే, గోవిందరావు తండ్రి హయాంలో, పప్పుకి తొక్క తీసేదాన్ని. గోవిందరావు అప్పుడు నిక్కరు వేసుకుని పప్పుల గంపల మధ్య పడి నిద్రపోయేవాడు. అందుకే ఇప్పటికీ నన్ను పిన్నీ అంటాడు. ప్రమోదినిది నాలాంటి పని కాదు. లారీలో జీడిపిక్కలు దిగగానే బస్తాల నుంచి కాసిని కాసిని తీసి, ఒక కేజీ తూచి, అందులో ఎన్ని పిక్కలున్నాయో లెక్కపెడుతుంది. కేజీకి తక్కువ పిక్కలు తూగితే పిక్క పెద్దది, ఎక్కువ తూగితే చిన్నది. తరవాత ఒక్కొక్కటీ రెండు చెక్కలుగా కోసి లోపల పప్పు ఎలా ఉందో చూస్తుంది. నిండుగా ఉందా, ముడుచుకుపోయిందా, బూజు పట్టిందా? ఆ సరుకు మంచిదో చెడ్డదో ఆ పిల్ల నోటి నుంచే రావాలి.

తిత్లీ తుపాను మా జీడిమామిడి తోటల్ని వేళ్లతో సహా పెకలించి పడేశాక, మా పిక్క మా ఫ్యాక్టరీలకి చాలడం మానేసింది. ఆఫ్రికా పిక్క ఓడ మీద విశాఖపట్నం వచ్చి, అక్కడినుంచి లారీల్లో పలాస వస్తుంది. కిందటేడు వచ్చిన ఒక లోడు బస్తాలు విప్పితే వాసన గుప్పుమంది. ప్రమోదిని కోసి చూసింది. సగానికి సగం బూజు. పిల్ల చెప్పింది నిజమే, కానీ సముద్రం దాటి వచ్చిన సరుకుని వెనక్కి తోలేదెవరు? గోవిందరావు తల పట్టుకు కూర్చున్నాడు. అప్పుడు ఈ పిల్ల ఆయన ఎదురుగా నిలబడి, "ఇక్కడ కోసి ఏటి లాభం సార్? కొనీసాక కొయ్యడమేటి? అక్కడే కొయ్యాల. నన్నంపండి," అందట.

ఆ మాట గోవిందరావు మనసులో పడింది. ఈసారి ఆఫ్రికాలోనే బెనిన్ అనే దేశంలో మదాం అఫియావి అనే ఆవిడ దగ్గర సరుకు మాట్లాడుకున్నాడు. పిక్కలు రాలే కాలమంతా ఒక మనిషిని అక్కడే ఆవిడ గోదాములో ఉంచి, కోసి చూసి, బాగున్నదే ఓడ ఎక్కించాలని అనుకున్నాడు. మనిషిని పంపుతానన్నాడు గానీ ప్రమోదినిని పంపుతానని అనలేదు. ఆయన మేనల్లుడు అవినాష్ ఉన్నాడు. డిగ్రీ చదివాడు, ఇంగ్లీషు గలగలా మాట్లాడతాడు, మొగపిల్లాడు. పిక్క కోసి చూడమంటే మాత్రం జీడిసొన అంటుకుంటుందని చేతులు వెనక్కి పెట్టుకుంటాడు.

చిక్కేమిటంటే మదాం అఫియావికి ఇంగ్లీషు రాదు. ఫ్రెంచి, వాళ్ల ఊరి భాష, అంతే. అవినాష్ ఫోన్లో భాష మార్చే యంత్రం ఒకటి పెట్టుకుని ఆవిడతో ఒకసారి మాట్లాడాడు. ఆవిడ గోదాములో లారీల మోత, ఇక్కడ బాయిలర్ రొద. యంత్రం ఏవేవో రాసింది. ఆవిడ బస్తాల సంగతి చెబితే అందులో మేకల సంగతి వచ్చిందట. గోవిందరావుకి ఒళ్లు మండి, "యంత్రం గింత్రం వద్దు. మదాం ఒక కేజీ లెక్కపెట్టి, సీలేసి పంపుతన్నాది. అదొచ్చిన నాడు ఆవిడ సూత్తుండగా ఫోన్లో ఎవులు ఆవిడ బాసలో లెక్కెట్టి, ఆవిడ లెక్కతో సరిసూసి నాకు సెబితే ఆల్లే ఎల్తారు," అని తేల్చేశాడు.

అదీ కథ. అందుకే మా పెరట్లో ఫ్రెంచి.

ఇప్పుడు మా అత్త. ఆవిడకి బడి మొహం తెలీదు. లెక్క మాత్రం రాకపోలేదు. చేతివేళ్లూ కాలివేళ్లూ కలిపితే ఇరవై, అక్కడికి ఒక మనిషి అయిపోయినట్టు. ఆ తరవాత రెండో మనిషి. వయసెంతమ్మా అని ఎవరైనా అడిగితే "మూడిరవైల మీద పది" అనేది. అదీ నిజమో కాదో, ఆ మాటే నాకు తెలిసి పుష్కరం పైగా చెప్పింది. ఆవిడ డెబ్బై అనగా నేనెప్పుడూ వినలేదు.

"సూసినావా? మీ ముత్తవ్వది ఫ్రెంచి లెక్కేనే," అన్నాను. "ఎనభైకి ఏటంతారు ఆల్లు?"

ప్రమోదిని ఫోను తిప్పి చూసి, "కాత్ర వ్యాఁ. అంటే నాలుగు ఇరవైలు," అంది. అని తనే నోరు తెరిచింది. "తొంభైకి నాలుగు ఇరవైల మీద పది!"

"మరింకేటి? లే. కొబ్బరికాయలకాడికి రా."

పెరట్లో మూల కొబ్బరికాయల రాశి ఉంది. కొబ్బరి బేరం చేసే కూర్మారావు మర్నాడో ఆ మర్నాడో వస్తానన్నాడు. మా వైపు కాయలు లెక్కపెట్టే తీరు చెబుతాను. చేతికొకటి చొప్పున జత కాయలు తీసి, ఈ రాశిలోంచి ఆ రాశిలోకి విసురుతాం. పది జతలు పడ్డాక, అంటే ఇరవై అయ్యాక, ఒక కాయని విడిగా పక్కన పెడతాం. దాన్ని గురుతుకాయ అంటాం. అది లెక్కలోది కాదు, ఎన్ని ఇరవైలు అయ్యాయో చూపించడానికి మాత్రమే. ఎదుటివాడు మధ్యలో పలకరించినా, కాకి కావుమన్నా లెక్క తప్పదు, పక్కకి చూస్తే గురుతుకాయలు చెబుతాయి. అంతా అయ్యాక ఆ గురుతుకాయలు లెక్కపెట్టిన మనిషి ఇంటికి పోతాయి. అది ఆ మనిషి నడుం నొప్పికి. అమ్మేవాడూ అడగడు, కొనేవాడూ అడగడు.

నేను మొదటి జత తీసి, "లాభం," అన్నాను. మొదటి విసురుకి ఒకటనీ రెండనీ అనకూడదు, లాభం అనే అనాలి, ఆడదైనా మగాడైనా.

"అమ్మమ్మా, ఫ్రెంచిలో లాభం లేదు!"

"లాభం లేని బాస నేర్సుకుని ఏటి సేత్తావే? మొదటిది లాభమే. తరవాతవి నీ ఇష్టం."

అలా మొదలైంది. లాభం, కాత్ర్, సీస్, విట్, దీస్. నాలుగు, ఆరు, ఎనిమిది, పది. పిల్ల విసురుతుంటే నోటికి తోవ దొరికింది. ఇరవై పడగానే, "వ్యాఁ!" అని అరిచి ఒక కాయ పక్కన పెట్టేది. పక్కన మూడు కాయలుండి, ఇంకో అయిదు జతలు పడితే కళ్ల ముందే అరవై పది. సువసాంత్ దీస్. నాలుగో కాయ పడితే కాత్ర వ్యాఁ. డెబ్బై ఎందుకు లేదని ఆ పిల్ల మళ్లీ అడగలేదు.

పిల్లకి వినడం కూడా రావాలి కదా. అందుకని నేనూ నేర్చుకున్నాను. నేను కాయలు విసురుతూ వేగంగా అంటే, ఆ పిల్ల అటు తిరిగి నిలబడి తెలుగులో చెప్పాలి. రెండుకి దో అంటారని తెలిసి నాకు నవ్వొచ్చింది, పలాస స్టేషన్లో హిందీవాళ్లు అరటిపళ్ల బేరానికి అనే మాటే అది. పదిహేనుకి క్యాఁజ్, పదహారుకి సేజ్. ఇవి నాలిక మీద నిలవడానికి రెండు పూటలు పట్టింది. ఉన్న పళ్లు నాలుగూ ముందున్నాయి గనక సరిపోయింది.

మా సరోజిని వంటింట్లోంచి వచ్చి గడప మీద నిలబడి, "కొబ్బరికాయలకి ఇంగిలీసు నేర్పుతన్నారేటి?" అంది.

"ఇంగిలీసు కాదమ్మా, ఫ్రెంచి."

"ఏదైతే ఏటి, కూర మాడిపోతన్నాది. దాన్ని ఏ బాసలో పిలవాల?"

అంది గానీ, తరవాత రుబ్బురోలు దగ్గర తనూ కాత్ర వ్యాఁ, కాత్ర వ్యాఁ అని గొణుక్కోవడం నేను విన్నాను.

కూర్మారావు వచ్చాడు. కాయలు లెక్కపెట్టేది ప్రమోదినే. నేను పక్కన పీట వేసుకుని కూర్చున్నాను. ఆ పిల్ల చెంగు నడుముకి చుట్టి, లాభం అని మొదలెట్టి, ఆ తరవాత అంతా ఫ్రెంచిలో దంచేసింది. కూర్మారావు మొదట నవ్వాడు. తరవాత నవ్వు తగ్గింది. తరవాత నా దగ్గరికి వచ్చి వంగి, "పెద్దమ్మా, ఇచ్చాపురం అవతల ఒడియా ఇలగే ఉంతాదేటి?" అన్నాడు.

"ఒడియా నాకొచ్చురా. ఇది ఒడియా కాదు."

"మరి నానెలగ నమ్మేది?"

"గురుతుకాయలు తెలుగులోనే ఉన్నాయి కదా, సూసుకో."

వాడు వెళ్లి గురుతుకాయల మీద వేలు పెట్టి చూసుకుని, సరిపోయాక నెత్తి మీద తుండు దులుపుకుని, "మీ గుంట గట్టిదే," అని పిల్లని మెచ్చుకున్నాడు. గురుతుకాయలు ప్రమోదినే బుట్టలో వేసుకుని లోపల పెట్టింది.

సీలు వేసిన సంచి వచ్చిన రోజున నేనూ పలాస వెళ్లాను. పిల్ల వద్దంది. "నువ్వొత్తే నానేటో సిన్నపిల్లలాగ ఉంతాది," అంది.

"నువ్వు సిన్నపిల్లవి కాకపోతే నాకేటి, నాను గోవిందరావుని సూడ్డానికెల్తన్నాను," అన్నాను. ఆటోలో పక్కనే కూర్చున్నాను.

గోవిందరావు గదిలో బల్ల మీద తెల్లటి గుడ్డ పరిచి, దాని మీద స్టీలు పళ్లెం పెట్టారు. ఒక డబ్బాకి ఆనించి గోవిందరావు ఫోను నిలబెట్టారు. గోవిందరావు నన్ను చూసి లేచి, "రా పిన్నీ, కూకో," అని కుర్చీ జరిపాడు. అవినాష్ ఇస్త్రీ చొక్కాలో గోడకి ఆనుకుని నిలబడ్డాడు.

"అమ్మమ్మని కూడా తెచ్చావా? సాక్షిగానా, జామీనుగానా?" అన్నాడు ప్రమోదినితో.

"నువ్వు మొదలెడతావా, నన్ను మొదలెట్టమంతావా?" అంది ఆ పిల్ల.

అవినాష్ చెయ్యి ఊపి, "లేడీస్ ఫస్ట్," అన్నాడు. లెక్క తీరు తెలిసినా వాడికి నోరు అరవై దాకానే తిరుగుతుందని నాకు అప్పుడే అర్థమైంది. అరవై దాకా వచ్చిన వాళ్లంతా అలాగే మర్యాదగా పక్కకి తప్పుకుంటారు.

ఫోన్లో మదాం అఫియావి కనిపించింది. తలకి పసుప్పచ్చ గుడ్డ చుట్టుకుంది. నిండైన మనిషి, నవ్వితే బుగ్గలు కళ్లదాకా వస్తాయి. వెనక బస్తాల గుట్టలు, పలాసలో చూసినట్టే ఉన్నాయి. ఏదో అంది. ప్రమోదిని "బోంజూర్ మదాం," అంది. సంచి ఎత్తి సీలు చూపించింది. మదాం తలూపింది. ప్రమోదిని కత్తెరతో సీలు తెంచి పిక్కలు పళ్లెంలో గలగలా పోసింది.

రెండు వేళ్లతో జత జతగా ఇటునుంచి అటు జరుపుతూ మొదలెట్టింది. దో, కాత్ర్, సీస్. గొంతు ఎక్కడా తడబడలేదు. ఇరవై అయ్యేసరికి వ్యాఁ అని, ఆగకుండా ముందుకు పోయింది. మదాం అటు వైపు పెదవులు కదుపుతూ తనూ లెక్కపెట్టుకుంటోంది. గోవిందరావు నోరు కొంచెం తెరుచుకుని వింటున్నాడు. నలభై, అరవై, అరవై పది, నాలుగు ఇరవైలు. అవినాష్ గోడ వదిలి ముందుకి వచ్చాడు. ఆ పిల్ల చేతులు ఆడుతున్న తీరు చూస్తుంటే నాకు మా పెరడే కనిపించింది. ఒక్క పిక్క కింద పడలేదు.

చివరి జత జరిపి, చేతులు గుడ్డకి తుడుచుకుని, ఫోను వైపు చూసి, "సాఁ కాత్ర వ్యాఁ సీస్," అంది. నూట ఎనభై ఆరు.

మదాం మొహంలో నవ్వు పోయింది. చేతిలో ఉన్న చీటీ చూసుకుని, ఏదో అంది. వేగంగా అంది. నాకు అందులో సాఁ, కాత్ర వ్యాఁ వినిపించాయి, తోక అందలేదు.

"ఏటంది?" అన్నాడు గోవిందరావు.

"ఆవిడ లెక్క నూట తొంభై అయిదంట సార్," అంది ప్రమోదిని.

"నీదెంత?"

"నూట ఎనభై ఆరు."

అవినాష్ నవ్వాడు. చెడ్డ నవ్వు కాదు, చిక్కు విప్పినవాడి నవ్వు.

"మావయ్యా, సింపుల్. ఆవిడ అమ్మే మనిషి. కేజీకి ఎక్కువ పిక్కలు తూగితే చిన్నవని కదా? ఎవరైనా తమ సరుకు చిన్నదని తామే చెప్పుకుంటారా? ఆవిడా ఎనభై ఆరే అనుంటుంది. నాలుగు ఇరవైల ఆరు, నాలుగు ఇరవైల పదిహేను, మొదలంతా ఒకటే కదా, చివర ఒక ముక్కే తేడా. ఈవిడ చెవికి తప్పు వినపడింది." ఆ పిల్ల వైపు తిరిగి, "సరిపోయింది అనేసెయ్. నీ లెక్కకి ఆవిడ లెక్క సరి. ఎవరికీ నష్టం లేదు," అన్నాడు.

వాడు చెప్పింది తెలివిగానే ఉంది. గోవిందరావు కూడా తలాడించాడు. "అంతే అయ్యుంటాదిలే అమ్మా. సరిపోయిందను," అన్నాడు.

ఆ ఒక్క మాట అంటే అయిపోయేది. మదాం అన్న మాట తోక పట్టుకున్న వాళ్లు ఆ గదిలో ఇంకెవరూ లేరు. నూట ఎనభై ఆరు, సరి, అంటే టికెట్టు ఆ పిల్లదే. అను, అనేసెయ్ అని నా లోపల ఒకత్తి అంటూనే ఉంది.

ప్రమోదిని ఫోను దగ్గరికి వంగి, "ఎంకోర్, మదాం," అంది. మళ్లీ చెప్పమని.

మదాంకి కోపం వచ్చింది కాబోలు, ఇందాకటికంటే వేగంగా అంది. "సాఁ కాత్ర వ్యాఁ క్యాఁజ్!" చీటీ మీద వేలితో కొట్టింది. ఈసారి తోక నాకూ అందింది.

ప్రమోదిని నడుం నిలబెట్టి గోవిందరావుతో అంది. "సరిపోలేదు సార్. ఆవిడ అన్నది తొంభై అయిదే. నా సెవి తప్పుకాదు."

"మరి లెక్క?"

"లెక్కే తప్పై ఉంతాది. నా సెయ్యే తప్పై ఉంతాది."

"చేతికి తొమ్మిది పిక్కలు అంటుకుపోయాయా?" అన్నాడు అవినాష్.

ఆ పిల్ల పళ్లెం వైపు తిరిగింది. పళ్లెంలో చూసింది, కింద చూసింది, సంచి విదిలించి చూసింది. తరవాత పళ్లెం పక్కన తెల్లగుడ్డ మీద చూసింది. చూసి, ఒక్కసారిగా పకపకా నవ్వింది. ఎంత నవ్విందంటే మదాం కూడా ఎందుకో తెలియకుండానే నవ్వడం మొదలెట్టింది.

గుడ్డ మీద పళ్లెం పక్కన తొమ్మిది పిక్కలు వరసగా కూర్చుని ఉన్నాయి.

నేను వాటిని చూస్తూనే ఉన్నాను మొదట్నించీ! ఇరవై అయిన ప్రతిసారీ ఒకటి తీసి అక్కడ పెట్టడం నా కళ్లతో చూశాను. నాకు వింతే అనిపించలేదు. లెక్కపెట్టినప్పుడు గురుతు పక్కన పెట్టకపోతేనే నాకు వింత. ఫ్యాక్టరీలో ఆ పిల్ల రోజూ తెలుగులో లెక్కపెట్టేటప్పుడు పదేసి వరసలు పరుస్తుంది, పక్కన ఏమీ పెట్టదు. ఫ్రెంచి మాత్రం మా పెరట్లో కొబ్బరికాయలతో వచ్చింది. నాలికకి నేర్పాం, నాలికతో పాటు చెయ్యి కూడా నేర్చుకుంది.

ప్రమోదిని ఫోనుని పళ్లెం మీదికి వంచింది. ఆ తొమ్మిదిలో మొదటి పిక్క మీద వేలు పెట్టి, పళ్లెంలోకి జరిపి, "సాఁ కాత్ర వ్యాఁ సెట్," అంది. నూట ఎనభై ఏడు. తరవాత విట్, నఫ్. తరవాత దీస్, ఓఁజ్, దూజ్. అక్కడి నుంచి మదాం గొంతు కలిపింది. త్రెజ్, కాతోర్జ్. ఆఖరి పిక్క పళ్లెంలో పడుతుంటే ఇద్దరూ ఒక్కసారే, "క్యాఁజ్!" అని అరిచారు. మదాం చప్పట్లు కొట్టింది. ఆవిడ వెనక బస్తాల మీద కూర్చున్న ఆడవాళ్లు కూడా కొట్టారు.

గోవిందరావు ఆ పిక్కల వైపు, ఆ పిల్ల వైపు మార్చి మార్చి చూశాడు. "అయి పక్కనెందుకెట్టినావమ్మా?"

"గురుతుకాయలు సార్."

ఉద్దానంలో పుట్టినవాడు, ఇంక చెప్పక్కర్లేదు. పొట్ట పట్టుకుని నవ్వాడు. "ఓలమ్మో! అంటే ఆ తొమ్మిదీ నువ్వు ఇంటికట్టుకెల్తావేటి?"

అవినాష్ ఊరుకుంటాడా? "నవ్వకు మావయ్యా. అక్కడికి పోయి కేజీకి తొమ్మిది పక్కన పెడితే మనకి మిగిలేది సంచులే," అన్నాడు. అదీ అనవలసిన మాటే, కాదనను.

ప్రమోదిని వాడి వైపు తిరిగింది. "పక్కనెట్టింది కంటికి కనపడతాది, ఎనక్కి ఎడతాను. రేప్పొద్దున అక్కడ ఇనపడింది ఒకటి, ఇక్కడ సెప్పింది ఒకటి అయితే దాన్ని ఎక్కడని ఎతుకుతావు?" అంది. గొంతు పెంచలేదు. "తప్పు నా సేతిది సార్. ఇంకెప్పుడూ పదేసి వరసలే పరుత్తాను, ఏ బాసలో లెక్కెట్టినా."

గోవిందరావు గెడ్డం గోక్కుంటూ కూర్చున్నాడు. ఆయన తండ్రి కూడా అంతే, ఔననడానికి ముందు గెడ్డం గోక్కునేవాడు, కాదనడానికి ముందూ గోక్కునేవాడు. ఏదో తెలియక కూలివాళ్లం ప్రాణాలు ఉగ్గబట్టుకుని నిలబడేవాళ్లం. ఫోన్లో మదాం ఇంకా అక్కడే ఉంది. ప్రమోదినిని వేలితో చూపించి, తన గోదాములో నేలని చూపించి, ఏదో అడిగింది. ఫెవ్రియే అన్న మాట ఉంది అందులో. అది నెల పేరని ఆ పిల్ల తరవాత చెప్పింది.

ప్రమోదిని గోవిందరావు వైపు చూడలేదు. నా వైపూ చూడలేదు. ఫోనులోకి చూసి, "దూజ్. దూజ్ ఫెవ్రియే," అంది. మదాం "బోఁ!" అని తలూపి, చేతులు దులుపుకుని, పని పడిన మనిషిలా లేచి వెళ్లిపోయింది. ఫోను ఆగిపోయింది.

"ఆవిడేటడిగింది?" అన్నాడు గోవిందరావు.

"ఎప్పుడొత్తావు అని."

"నువ్వేటన్నావు?"

"ఫిబ్రవరి పన్నెండుకి అన్నాను."

"నానింకా ఏటీ అన్లేదు కదమ్మా."

"మీరన్లేదు సార్. ఆవిడడిగింది. పిక్క రాలడం అప్పటికి మొదలైపోతాది. మొదటి కోతకి అక్కడ లేకపోతే మల్లీ కిందటేడు లాగే ఇక్కడ బూజు సూసుకోవాల." ఆ పిల్ల పళ్లెంలో పిక్కలు సంచిలోకి ఎత్తుతూ అంది. "పన్నెండు కాదంటే సెప్పండి, ఆవిడకి మల్లీ ఫోన్ సేసి మారుత్తాను. ఏ తారీకైనా ఇప్పుడు నాకు సెప్పడం వచ్చు."

నా నోరు ఎంత మంచిదో నాకు తెలుసు గనక, పళ్ల మధ్య కొంగు పెట్టుకుని కూర్చున్నాను.

గోవిందరావు గెడ్డం వదిలాడు. "అవినాసూ," అన్నాడు.

"ఏంటి మావయ్యా?"

"పన్నెండుకి అక్కడ దిగాలంటే విశాఖపట్నంలో ఎప్పుడెక్కాలో సూడు. టికెట్టు తీసీ."

అవినాష్ ఫోను జేబులోంచి తీసి, కాసేపు దాన్ని చేతిలో తిప్పి, "ఎన్ని?" అన్నాడు.

"ఒకటి," అన్నాడు గోవిందరావు. "నువ్వు ఇక్కడ లోడు దింపించు. బేగి ఎల్లి సేతి తొడుగులు కొనుక్కో, సొన అంటుకుంతాది."

ప్రమోదిని అప్పటికే కత్తి తీసుకుని, సంచిలోంచి మొదటి పిక్క బయటికి తీసింది. లెక్క అయింది గానీ కోత ఇంకా ఉంది కదా.